అన్న చోట రాయి

తెల్లారగానే అతను ఒక్కడే పడవ తోసుకుని వెళతాడు. అన్న కూర్చునే చివర ఇప్పుడొక బండరాయి ఉంటుంది; అది లేకపోతే ఆ కొస పైకి లేస్తుంది. వల వేసి, ఫ్లాస్కులోని టీ రెండు గ్లాసుల్లో పోసి, రెండూ తనే తాగుతాడు.

ఏడాదిగా పట్టుమని పది చేపలు పడని వల ఇవాళ నిండిపోయింది. చేపలన్నీ లోపల పోసేసరికి నీళ్లు పడవ అంచుదాకా వచ్చాయి. రాయిని తోసేస్తే సరిపోయేది. అతను చేపల్నే దోసిళ్లతో తిరిగి నీళ్లలోకి పారబోశాడు.

గట్టు మీద వదిన బుట్టలోకి తొంగిచూసింది. "ఇంతేనా మరిదీ?"

"ఇంతే వదినా."

పోయినేడు అన్న మునిగిపోయిన రోజు కూడా పడవ ఇలాగే నిండింది. జారి నీళ్లలో పడ్డ అన్న, అంచు పట్టుకుని, "బరువెక్కువైందిరా, చేపలు పారబొయ్యి!" అని అరిచాడు. అతను ఒక్క క్షణం చేపల వంక చూశాడు.