అవ్వ గుండె మీద నేను పెట్టిన ఫోను

పులికాట్ సరస్సులో ఎన్ని రొయ్యలున్నాయో మా అవ్వకు తెలుసు. ఏ రొయ్యకు ఎంత మీసముందో కూడా తెలుసు. ఆమె నీళ్ళలో దిగితే చాలు, ముందు మేమంటే మేమని రొయ్యలు ఒకదాన్నొకటి తోసుకుంటూ బుట్టలోకి దూకేవి. నమ్మకపోతే ఆ రొయ్యల్నే అడగండి.

అవ్వ పేరు గంగులమ్మ. అరవై దాటింది. ఎంత దాటిందో ఆమెకూ తెలియదు. వల లేకుండా, నడుము లోతు నీళ్ళలో వంగి, బురదలో చేతులతో తడిమి రొయ్యలు పట్టడం ఆమె పని. రెండు చేతులూ ఖాళీగా ఉండాలి కదా, అందుకని తాటాకు బుట్ట అంచును ముందరి పళ్ళతో కరిచి పట్టుకునేది. రోజు మొత్తంలో ఆమె నోరు మూతపడేది ఆ నాలుగు గంటలే. అందుకే మా ఇంట్లో అందరికీ సరస్సంటే భక్తి.

రెండేళ్ళ కిందట గుండె మరీ నిదానంగా కొట్టుకుంటోందని తిరుపతిలో ఎడమ భుజం కింద, చర్మం లోపల పేస్‌మేకర్ పెట్టారు.

"అగ్గిపెట్టంత ఉండాది. దీనికి సార్జింగు యాడ పెట్టేది మే?" అని నన్నడిగింది. నేను సూళ్ళూరుపేటలో సెల్‌ఫోన్ల షాపులో పనిచేస్తాను, అందుకని.

కొన్ని నెలలకు డాక్టరమ్మ పనికి పోవచ్చంది. ఆ రోజు అవ్వకొక ఫోను ఇచ్చాను. దానికి వెనక అయస్కాంతమున్న కవరు తొడిగాను. షాపులోకి కొత్తగా వచ్చిన సరుకు, బీరువాకు అంటిస్తే కదలదు.

"నడుం కాడ దోపుకుంటే తడిసిపోతాది అవ్వా, జాకెట్లో పెట్టుకో. ఏమన్నా అయితే నాకు ఫోన్ చెయ్యి" అని, ప్లాస్టిక్ సంచిలో చుట్టి ఎడమ పక్కన నేనే దోపాను.

నెల తిరక్కుండానే, నీళ్ళలో ఉన్నప్పుడు గుండె దడదడలాడుతోందని, కళ్ళు తిరుగుతున్నాయని అవ్వ అనసాగింది. ఒకరోజు బుట్ట జారిపోయి ఆమె నీళ్ళలో కూలబడితే, పక్కనే రొయ్యలు పడుతున్న మోహన అవ్వ జుట్టు పట్టి పైకి లేపింది. ఆస్పత్రిలో చూస్తే అంతా బాగుంది. చూసేటప్పుడు ఫోను నా చేతిలో ఉంది. ఇంట్లో ఉన్నప్పుడు గూట్లో ఉండేది. ఆ సంగతి ఎవరికీ తట్టలేదు.

"వయసైపోయింది. ఇంక నీళ్ళు పడవు" అని మా నాయన తేల్చేశాడు. నేనూ ఔనౌనన్నాను. అవ్వ తన బుట్టను మోహనకిచ్చేసింది.

ఏడాదిగా గట్టు మీద ఎండుచేపలు తిరగేస్తోంది. ఇప్పుడు రోజంతా మాట్లాడొచ్చు. మాట్లాడదు.

పోయిన వారం షాపుకొచ్చిన ఒక పెద్దాయనకు ఆ కవరే చూపించాను. పాముని చూసినట్టు వెనక్కు జరిగాడు.

"నాకు పేస్‌మేకర్ ఉండాది పాపా. అయస్కాంతం దగ్గరికొస్తే అది గుండె సంగతి సూడకుండా ఒకే లెక్కన కొడతా పోతాది. తీసేస్తే మళ్ళీ మామూలే. జానెడు దూరంలో పెట్టుకోమన్నారు."

ఆయన పోయాక డబ్బా తిప్పి చూశాను. అడుగున చీమల బారులా సన్నటి ఇంగ్లీషు. తొమ్మిదో తరగతి తప్పినదాన్ని, ఆ చీమల్ని నేనెన్నడూ కదిలించలేదు. డాక్టరమ్మకు ఫోన్ చేస్తే, "అదే అయ్యుంటుంది. ఒకసారి తీసుకురా, చూసి పనికి పంపిద్దాం" అంది.

సాయంత్రం గట్టు మీద అవ్వ పక్కన కూర్చుని అంతా చెప్పాను. తప్పు నాదేనని, కవరు పారేశానని, మళ్ళీ నీళ్ళలోకి పోవచ్చని ఏడుస్తూ చెప్పాను. ఆమె చేతిలోని చేపను తిరగేసి, నా వైపు తిరిగి నోరు తెరిచి చూపించింది.

"ముందరి పళ్ళు రెండూ ఈ ఏడే ఊడిపాయె. బుట్ట నువ్వే కరుసుకోపో మే. తెలీకున్నా ఔనౌననే నోరు, కాస్సేపన్నా మూసుకుంటాది."