సర్వీసు చీటీ

నా చిన్నప్పుడు నాకొక ఉద్యోగం ఉండేది. కువైట్‌లో, ఫర్వానియాలో మేమున్న రోజుల్లో, ప్రతి శుక్రవారం సాయంత్రం వాలీబాల్ కోర్టు పక్కన చీటీ పట్టుకుని నిలబడి, ఈసారి సర్వీసు ఎవరిదో గట్టిగా అరిచి చెప్పడం నా పని. జీతం ఒక చల్లటి జ్యూసు డబ్బా. పదకొండేళ్ళ పిల్లకి అంతకన్నా గొప్ప కొలువు ఉంటుందని ఇప్పటికీ నేననుకోను.

టీములో ఆరుగురు. అందరూ కోనసీమవాళ్ళే, ఒకే కాలేజీలో ముందూవెనకా చదివి ఆ కాలేజీ టీముకి ఆడినవాళ్ళే. కువైట్ వచ్చాక ఒకాయన ఏసీ మెకానిక్కు అయ్యాడు, ఒకాయన వంటవాడయ్యాడు, మా నాన్న ఒక కంపెనీ స్టోర్లో గుమాస్తా అయ్యాడు. అయినా అక్కడివాళ్ళు వీళ్ళని 'కాలేజీ టీము' అనే పిలిచేవారు. పొట్టలొచ్చి జుట్టు పలచబడిన మనుషుల్ని అలా పిలుస్తుంటే మా అమ్మ కొంగు అడ్డం పెట్టుకుని నవ్వేది. అయిదుగురు పెళ్ళాంబిడ్డల్ని ఊళ్ళో వదిలి వచ్చినవాళ్ళు, సంసారంతో ఉన్నది మేమొక్కళ్ళమే. అందరం ఒకే బిల్డింగులో ఒకే అంతస్తు.

కెప్టెన్ని నేను మావయ్యా అనేదాన్ని. చుట్టరికం ఏమీ లేదు, ఆయన నాన్నని బావా అనేవాడు కాబట్టి నాకు మావయ్య అయ్యాడు. సులైబియా గోడౌన్ల నుంచి సరుకు తోలే లారీ డ్రైవరు. ఆటలో మాత్రం మహా పట్టుదల మనిషి. సర్వీసు తమ చేతికి వచ్చినప్పుడల్లా ఆరుగురూ ఒక్కో స్థానం జరగాలి, కొత్తగా వెనక మూలకి వచ్చినవాడే సర్వీసు చెయ్యాలి. వరస తప్పితే ఫౌల్. జరగమని చెప్పడానికి మావయ్య చూపుడువేలు గాల్లో గుండ్రంగా తిప్పేవాడు. నా చీటీలో మావయ్య పేరు అయిదోది, నాన్న పేరు ఆరోది.

ఆ ఏడాది మావాళ్ళు ఒక్క మ్యాచీ ఓడలేదు. ఫైనల్ కడపవాళ్ళ టీముతో పడింది. చివరి సెట్టులో ఇంకొక్క పాయింటు వస్తే కప్పు మాది. అప్పుడు చీటీ చూసి నాన్న పేరు అరిచాను, అరుస్తూనే నీరుగారిపోయాను. టీము మొత్తంలో సర్వీసు చేతకానిది మా నాన్నకే. బంతి వలకి కొట్టడం ఆయనకి అలవాటు. ఆ సంగతి ఆయనకీ తెలుసు. బంతి తీసుకెళ్ళి మావయ్య చేతిలో పెట్టబోయాడు.

"నువ్వు కొట్టెయ్యరా, గొడవొదిలిపోద్ది. ఎవరు చూడొచ్చారు?"

మావయ్య చేతులు వెనక్కి పెట్టేసుకున్నాడు. "నీ వంతు నువ్వే కొట్టాలి బావా. వంతంటే వంతే. పోతే పోద్ది, ఏం కొంపలు మునిగిపోవు."

నాన్న కొట్టాడు. బంతి వల మీదుగా ఎలా దాటిందో ఆ దేవుడికే తెలియాలి, దాటి అవతలి వాళ్ళిద్దరి మధ్య పడింది. ఆ రాత్రి మామూలు అన్నం మానేసి అందరం బిర్యానీ తిన్నాం. నాన్న నాలుగైదు నెలల పాటు అదే సర్వీసు గురించి చెప్పి మమ్మల్ని చంపాడు.

తొంభయ్యో సంవత్సరం ఆగస్టు, వేసవి సెలవుల్లో ఒకరోజు తెల్లారేసరికి వీధుల్లో ఇరాకీ సైనికులున్నారు.

ఆ తరవాతి రోజుల గురించి ఎంత చెప్పినా తక్కువే. ఆఫీసులు లేవు, జీతాలు లేవు, ఫోన్లు లేవు. కొట్లు పగలగొట్టి ఖాళీ చేసేశారు. మా బిల్డింగుకి ఎదురుగా ఉన్న రొట్టెల బట్టీ దగ్గర పొద్దున్నే మొదలైన వరస మధ్యాహ్నం దాకా కదిలేది కాదు. ఆ ఎండకి మనుషులు నిలబడ్డచోటే పడిపోయేవారు. మావయ్య అందరినీ కూర్చోబెట్టి మళ్ళీ నా చీటీ బయటికి తీయించాడు. వరసలో ఒక్కొక్కరు అరగంట నిలబడాలి, తరవాతివాడు వెళ్ళి ఆ చోటు తీసుకోవాలి. నేను కిటికీలోంచి పేరు చెప్పాలి. కింద తుపాకులతో మనుషులు తిరుగుతుంటే అరవడానికి లేదు కదా, చిన్నగా చెప్పేదాన్ని. మెట్ల మీద కూర్చున్నాయన లేచి వెళ్ళేవాడు. జ్యూసు డబ్బాలు లేకపోయినా ఉద్యోగం మాత్రం పోలేదని మావయ్య నన్ను ఆటపట్టించేవాడు.

కొన్నాళ్ళకి మనవాళ్ళే కొందరు కలిసి బాగ్దాద్ మీదుగా జోర్డాన్‌కి బస్సులు మాట్లాడారు. అక్కడిదాకా చేరితే బొంబాయికి విమానం ఉందన్నారు. ఎక్కేవాళ్ళు వేలల్లో, బస్సులు పదుల్లో. జాబితా రాసే పెద్దమనిషి వచ్చి మా అంతస్తుకి ఇన్ని సీట్లని చెప్పి వెళ్ళేవాడు. ఎవరు ముందని కొట్టుకోకుండా మావాళ్ళు అదే చీటీ ప్రకారం వెళ్దామనుకున్నారు. మొదటిసారి రెండు సీట్లు వచ్చాయి, ఇద్దరు వెళ్ళారు. రెండోసారీ రెండే వచ్చాయి. ఇక మావయ్యా మేమూ మిగిలాం. మళ్ళీ సీట్లు వస్తాయో రావో ఎవరికీ తెలియదు. దారులు మూసేస్తారని రోజుకో పుకారు. అమ్మ అప్పటికే తిండి మానేసి గోడకి ఆనుకుని కూర్చునేది.

మూడోసారి మూడు సీట్లు వచ్చాయి.

లెక్క నాకూ తెలిసింది. మావయ్య వంతు ముందు. ఆయన ఎక్కితే మిగిలేవి రెండు. అమ్మా నేనూ వెళ్తే నాన్న ఉండిపోవాలి. నాన్న లేకుండా కదలనని అమ్మ ముందే చెప్పేసింది. నేను చీటీ పట్టుకుని మెట్ల మీదికి వెళ్ళి ఏడుస్తూ కూర్చున్నాను. మావయ్య వచ్చి పక్కన కూర్చున్నాడు.

"అమ్మడూ, లోపలికెళ్ళి పేరు చదవాలి కదా. మీ నాన్న పేరు చదివెయ్."

"మీ వంతు కదండీ."

"తెలుసమ్మా."

"ఫౌల్ అవుద్ది మావయ్యా."

ఆయన నవ్వాడు. గెడ్డం మాసి, బుగ్గలు లోపలికి పోయిన ఆ మొహంలో నవ్వు చూస్తే నాకు భయమేసింది. "చూడ్డానికి అంపైరెవడున్నాడమ్మా ఇక్కడ? నేనడిగితే మీ నాన్న ఒప్పుకోడు. నువ్వు చదివితే మాట్లాడడు. నేను వచ్చే బస్సుకి వచ్చేత్తాను కదా."

లోపలికి వెళ్ళి చదివాను. అయిదో పేరు మీద బొటనవేలు పెట్టి మూసి, ఆరోది చదివాను. వరస నాకెంత తెలుసో నాన్నకీ అంతే తెలుసు. ఆయన నా చేతిలో చీటీ వైపు చూశాడు, తరవాత అమ్మ వైపు చూశాడు. ఆ రోజు కోర్టులో బంతి ఇవ్వబోయినట్టు ఇప్పుడు కూడా ఏదో అనబోతాడని ఎదురుచూశాను. ఆయన వంగి సంచీ తీసుకున్నాడు. మావయ్య మొహం మాత్రం చూడలేకపోయాడు.

బస్సు కదిలేటప్పుడు మావయ్య రోడ్డు మీద నిలబడి చూపుడువేలు గాల్లో గుండ్రంగా తిప్పాడు. జరగండి, జరగండి అని.

తరవాత బస్సుకి ఆయన రాలేదు. ఆ పై బస్సుకీ రాలేదు. సులైబియా వెళ్ళి లారీ తెస్తానని బయల్దేరాడని ఒకరన్నారు, బస్రా దారిలో చూశామని ఒకరన్నారు. యుద్ధం అయిపోయింది, టీములో కొందరు మళ్ళీ కువైట్ వెళ్ళి వెతికారు. గదిలో ఆయన బూట్లు మాత్రం ఉన్నాయట.

నాన్న నన్ను వెంటబెట్టుకుని మావయ్య వాళ్ళ ఊరు వెళ్ళాడు. మావయ్య భార్య మాకు మంచినీళ్ళిచ్చి, గడప దగ్గర నిలబడి అడిగింది. "అందరూ వంతులోరీగా వచ్చారంట కదండీ అన్నయ్యగారూ. మరి ఈయన వంతు రాలేదాండి?"

నాన్న తల వంచుకుని, "రాలేదమ్మా" అన్నాడు. చీటీ నా గౌను జేబులోనే ఉంది. నేనూ నోరెత్తలేదు. తిరుగు బస్సులో నాన్న కిటికీ వైపు తిరిగి ఊరొచ్చేదాకా ఏడ్చాడు. ఆ తరవాత బతికినన్నాళ్ళూ ఆ ఫైనల్ సర్వీసు ముచ్చట ఆయన నోట మళ్ళీ వినలేదు. మేమిద్దరం ఆ రోజు గురించి ఒక్క మాటా అనుకోకుండానే ఆయన పోయాడు.

ఒకరి వంతు ఒకరు కొట్టకూడదని మావయ్య కోర్టులో నేర్పాడు. మెట్ల మీద, నా ఏడుపు చూసి, తన వంతు తీసి మాకు పెట్టాడు. ఆయన చేసింది దయ అని తెలుసు. ఆ దయతో తిన్న అన్నం నాకు ఇప్పటికీ అరగలేదు. జుట్టు నెరిసింది, చీటీ మడతల దగ్గర చిరిగింది. అయిదో పేరు మీద నా బొటనవేలి చెమట మరక మాత్రం అలాగే ఉంది.

ఇంత రాసి ఆయన పేరు చెప్పలేదేమని మీరనుకోవచ్చు. ఆ రోజు గట్టిగా చదవాల్సింది ఆ పేరే. అప్పుడు చదవలేదు. ఇప్పుడు చదువుదామంటే నోరు రావడం లేదు.