వీరగల్లుకు వేసిన నీలం రంగు

ఇది ఎవరికీ చెప్పలేదు. నేను ఎన్నడూ చూడని ఒక ఊరిని రోజూ నిద్రపోయే ముందు మనసులో ఒకసారి తిరిగొస్తాను. ఫ్రాన్సులో, కొండవాలున గుప్పెడు ఇళ్ల పల్లె. లైబ్రరీలో అట్ట ఊడిన యాత్రల పుస్తకంలో దొరికింది. ఫొటోలు తర్వాత ఫోన్లో వెతుక్కున్నాను. ఊరి మొదట్లో రాతి కమాను, వంకర తిరిగిన సందు, ఒకప్పుడు ఆడవాళ్లు బట్టలుతికిన రాతి తొట్టి, చివర రాజుల కాలంనాటి చిన్న చర్చి. దాని గోడలో, రాతిలో చెక్కిన, గుర్రం మీద ఒక సైనికుడు. ముక్కు అరిగిపోయింది. ఆ రాయి మీద నాచు తీయాలన్నా తెలిసినవాళ్లు పట్నం నుంచి రావాలట.

మా బస్టాపు పక్కనా గుర్రం మీద ఒకడున్నాడు. వీరగల్లు. ఏ యుద్ధంలోనో చచ్చిపోయినవాడి కోసం నిలబెట్టిన రాయి. పైన సూర్యచంద్రులు, కింద ఎవరూ చదవని అక్షరాలు. గొర్రెలు దానికి ఒళ్లు రుద్దుకుంటాయి.

ఒకరోజు నాయన విత్తనాలకు శనక్కాయలు ఒలుస్తూ, "ఏందమ్మా, ఆ ఫోన్లో అంతసేపు చూస్తాండావు?" అన్నాడు. సైనికుడి ఫొటో చూపించాను.

"రాళ్లను ఎంత బాగా పెట్టుకున్నారో చూడు నాయనా. మనోళ్లకు యాడ తెలుస్తాది?"

ఆయన ఫోను దగ్గరగా పట్టుకుని చాలాసేపు చూశాడు.

కాలేజీలో చరిత్ర చెప్పే మేడమ్‌తో మా రాయి గురించి చెప్పడానికి నాకు నెలలు పట్టింది. ఆమె వెంటనే, ఆదివారం వస్తాను, అక్షరాలు కాగితం మీదకు ఎత్తుకుని చదువుదాం అంది. ఇంట్లో ఆ మాట చెప్పి, బత్తలపల్లె దాకా ఎదురెళ్లి ఆమెను తీసుకొచ్చాను.

బస్సు దిగేసరికి రాయి నీలంగా మెరుస్తోంది. జాతరకు ముందు గుడి బొమ్మలకు రంగులేయడం మా దగ్గర మర్యాద. ట్రాక్టరు ట్రాలీకి వేయగా మిగిలిన పెయింటు అది. గుర్రం తెల్లగా, మీసాలు నల్లగా. అక్షరాల గాట్లు పూడిపోయి నున్నగా ఉన్నాయి.

"చూడు మేడమ్, పెండ్లికొడుకు మాదిరి ఉండాడు మా వీరుడు!" అన్నాడు టీకొట్టు అన్న.

మేడమ్ ముట్టుకుంటే వేలికి నీలం అంటింది. "అయ్యో, ఎవరు చేసినారమ్మా ఈ పని?"

నాయన మజ్జిగ చెంబు పట్టుకుని, నవ్వు మొహంతో ముందుకొస్తున్నాడు. ఆయన గోళ్ల నిండా నీలం.

"తెలీదు మేడమ్. ఊర్లో ఎవరో తెలివిలేనోళ్లు" అన్నాను.

నాయన ఆగిపోయాడు. చెంబు టీకొట్టు బల్ల మీద పెట్టి, చేతులు వెనక్కి పెట్టుకున్నాడు. గీకొద్దండి, గీకితే అక్షరాలు కూడా పోతాయి అని చెప్పి మేడమ్ తిరుగు బస్సెక్కింది.

ఇంటికొచ్చాక నాయన అరుగు మీద కూర్చుని కిరసనాయిలు గుడ్డతో గోళ్లు తుడుచుకుంటున్నాడు. పక్కన కూర్చున్నాను. క్షమించు అనే మాట మా ఇంట్లో ఎవరూ ఎవరితోనూ అనరు. గుడ్డ అందుకోబోయాను.

ఆయన ఇవ్వలేదు. తలెత్తకుండానే అన్నాడు: "ఆ నీ ఊరి రాయిని చూసినట్ల దీన్ని గూడా చూస్తావనుకుంటినమ్మా."