కళ్ళకద్దుకున్న షాట్

నాకు నోరెక్కువ. ఈ ఒక్క విషయంలో మా పుట్టింటికీ అత్తింటికీ భేదాభిప్రాయం లేదు. తొంభైల్లో మావారి ఉద్యోగం ఖతర్ దేశంలో, ఫ్యాక్టరీల ఊరు మెసయీద్‌లో. కంపెనీ క్వార్టర్స్‌లో ఏసీ రొదా, పక్కింటావిడ బంగారం కబుర్లూ వింటూ కొన్నేళ్ళు గడిపాక, బి.ఏ. చదివింది ఇందుకేనా అని ఒళ్ళు మండింది. దోహాలో ఒక చిన్న వీడియో కంపెనీకి తెలుగూ హిందీ వచ్చిన మనిషి కావాలంటే వెళ్ళి చేరాను. ఫ్యాక్టరీ కార్మికులకు చూపించడానికి ప్రమాదాలు జరక్కుండా ఎలా పనిచెయ్యాలో చెప్పే చిత్రం తీస్తున్నారు వాళ్ళు. కెమెరా ముందు కార్మికులు మాట్లాడింది ఇంగ్లీషులో రాసివ్వడం నా పని. ఆ చిత్రం పూర్తయితే నా కొలువూ సరి.

ఎడిటింగ్ చేసేది లండన్ నుంచి వచ్చిన పెద్దాయన. మీసాలు సరిగా మొలవని వయసులో అక్కడి ఎడిటింగ్ గదిలో నేల ఊడవడానికి చేరాడట. ఫిలిం డబ్బాల మీద పేర్లు రాశాడు, తెగిన ముక్కలు అతికించాడు, ఏళ్ళ తరబడి ఇంకొకరి కత్తెరకి అసిస్టెంటుగా ఉన్నాడు. తర్వాత సినిమాలు, టీవీ నాటకాలు, డాక్యుమెంటరీలు. అక్కడ పని పలచబడ్డాక ఖతర్ ఎడారికి వచ్చి పంపులూ పైపులూ కత్తిరిస్తున్నాడు. దాని గురించి వాపోవడం నేనెప్పుడూ వినలేదు. "పంపైనా నటుడైనా ఒకటే. ఎప్పుడు లోపలికి రావాలి, ఎప్పుడు పోవాలి, అదే నా పని" అనేవాడు. ఏ టేపైనా మొదటిసారి శబ్దం ఆపేసి చూసేవాడు.

ఆ గదిలో ఆయన కుర్చీ పక్కన అసిస్టెంటు కుర్చీ ఖాళీగా ఉండేది. దాని మీద ఆయన స్వెట్టరు కాపురం. చేరిన వారానికే ఆ కుర్చీ నాకివ్వమని అడిగాను.

"ఎడిటర్‌కి కావాల్సింది కళ్ళు. మీకున్నది నోరు" అన్నాడు.

"రెండూ ఉండకూడదని మీ దేశంలో చట్టమేమైనా ఉందా?"

నవ్వాడు. "నా కట్ కన్నా మంచిది ఒక్కటి చేసి చూపించండి. స్వెట్టరు తీసేస్తాను."

తన కట్‌కి తిరుగులేదని ఆయన ధైర్యం. నేను కాచుకుని కూర్చున్నాను.

సగం చిత్రం తయారయ్యాక నన్ను పిలిచి చూపించాడు. తెర మీద ఒక కరీంనగర్ మనిషి. మావారి ప్లాంటులోనే పంపు డ్యూటీ. శుక్రవారాలు కిరాణా కొట్లో కనబడితే "అక్కా, పిచ్చర్ల నేను కనవడ్తనా? క్యాసెట్ ఊరికి పంపాలె. మా అమ్మ దుబాయ్ల కొడుకు సినిమాల పడ్డడని ఊరంత చెప్పుకున్నది" అనేవాడు. "నీది దుబాయ్ కాదు కదయ్యా" అంటే, "మా అమ్మకు అన్నీ దుబాయే అక్కా" అనేవాడు. తెర మీద అతను కుడిచేత్తో పంపుని తాకి, ఆ వేళ్ళు రెండు కళ్ళకూ అద్దుకున్నాడు. వెంటనే అతని మొహం మీద పెద్ద ఎర్ర ఇంటూ గుర్తు పడింది. వెనక గొంతు: మురికి చేతులతో కళ్ళు ముట్టుకోరాదు!

"ఇదేం పని? అతను కళ్ళు నలుపుకోవడం లేదు. దణ్ణం పెట్టుకుంటున్నాడు" అన్నాను.

"ఎవరికి?"

"పంపుకి."

"పంపుకా!"

"మేం పుస్తకానికీ పెడతాం, కత్తిపీటకీ పెడతాం. రోజూ పొద్దున్నే మీరు లండన్ నుంచి మోసుకొచ్చిన ఆ ఫిలిం అతికించే మిషన్ని రెండు తట్లు తట్టి కూర్చుంటారే, అదేమిటి? ఇక్కడ అన్నీ టేపులే, వాడటానికి ఫిలిమే లేదు."

"అది అలవాటు."

"అతనిదీ అదే. దణ్ణం మీద ఇంటూ గుర్తు పెట్టారంటే, ఆ తర్వాత మీరు హెల్మెట్ గురించి ఎంత అరిచినా కార్మికుల క్యాంపులో ఒక్కడూ వినడు."

ఆయన తొణకలేదు. "ఆ చెయ్యి శుభ్రంగా ఉందా?"

లేదు. నూనె మరకలు నాకూ కనిపిస్తున్నాయి.

"అయితే నా కట్ తప్పు కాదు."

ఉడికిపోతూ ఇంటికెళ్ళాను. అన్నం దగ్గర మావారికి చెబితే, "ఏమోయ్, పంపు తరఫున వకాల్తా ఎందుకు నీకు? ఉన్న పని ఊడగొట్టుకోకు" అన్నారు.

"ఎలాగూ ఊడేదే. ఊడేలోపు గెలుస్తాను" అన్నాను.

మర్నాటి నుంచి ఆ కరీంనగర్ మనిషిని తీసిన టేపులన్నీ ముందేసుకున్నాను, శబ్దం ఆపేసి. మాటలు రాసుకోవడానికి చూసినప్పుడు మాటలే చూశాను. ఈసారి మనిషిని చూశాను. పంపు షాట్‌కి ఆయన వాడింది నడిమి ముక్క మాత్రమే. కెమెరామన్ ఆపకుండా తీశాడు: దణ్ణం అయ్యాక అతను జేబులోంచి గ్లౌజులు తీసి తొడుక్కున్నాడు, కళ్ళద్దాలు పెట్టుకున్నాడు, అప్పుడు వాల్వు పట్టుకున్నాడు. మరో టేపులో సబ్బుతో చేతులు కడుక్కుంటున్నాడు. ఇంకో రోజు తీసిన టేపులో అదే పంపు, అదే దణ్ణం, చెయ్యి మాత్రం శుభ్రం.

"కడుక్కోవడం, దణ్ణం, గ్లౌజులు, పని. ఈ వరసలో పెట్టండి" అన్నాను.

ఆయన గడ్డం గోక్కున్నాడు. "ఇది పొడుగవుతుంది. టేపు మీద మధ్యలో ఒక్క షాట్ పెరిగినా, దాని తర్వాతున్నదంతా మొదటినుంచీ మళ్ళీ రికార్డు చెయ్యాలి. తెలుసా?"

"తెలుసు. ఇన్నాళ్ళూ మీ వెనక నిలబడి గోళ్ళు గిల్లుకోలేదు."

"అయితే మీరే చెయ్యండి. నేను వేలు పెట్టను."

శుక్రవారం ఆఫీసు ఖాళీ. వంట మావారికి అప్పజెప్పి బస్సెక్కాను. ఒక అతుకు దగ్గర బొమ్మ ఎగిరిపడింది. చెరిపి మళ్ళీ చేశాను. గ్లౌజు తొడిగే షాట్ ముందే తెగిపోయింది. మళ్ళీ చేశాను. ఇంటూ గుర్తు వెయ్యడానికి వేరే మనిషి లేక అక్కడ తెర నల్లగా వదిలేశాను.

శనివారం ఆయన శబ్దం ఆపి చూశాడు. దణ్ణం దగ్గర వెనక్కి తిప్పి ఇంకోసారి చూశాడు.

"ఎర్ర గుర్తు ఎవరి మీద వేస్తారు?"

"మీ మీద. నూనె చేతులతో కళ్ళు నలుపుకోండి. క్యాంపులో ఎవరికీ కోపం రాదు."

ఆయన మొహం కందగడ్డ అయింది. వయసంతా తెర వెనకే గడిపిన మనిషి. ఏమంటాడోనని ఎదురుచూస్తుంటే, లేచి కార్మికుల నీలం డ్రెస్సూ హెల్మెటూ ఎక్కడున్నాయని అడిగాడు.

చిత్రం పూర్తయి క్యాంపు మెస్సులో వేసినప్పుడు నేనూ వెళ్ళాను. దొర మొహం మీద ఎర్ర గుర్తు పడగానే ఈలలే ఈలలు. అంతకుముందు దణ్ణం షాట్‌కి మాత్రం ఎవరూ నవ్వలేదు. బెంచీల మీద కొందరు, అన్నం తింటున్న చెయ్యి పళ్ళెంలో ఆపి చూశారు. కరీంనగర్ మనిషి నా దగ్గరికొచ్చి, "క్యాసెట్ ఇస్తరా అక్కా? గా దొరను గూడ ఉంచుండ్రి, మా అమ్మ నవ్వుతది" అన్నాడు.

మర్నాడు ఆఫీసుకి వెళ్ళేసరికి స్వెట్టరు మేకుకి వేలాడుతోంది. అసిస్టెంటు కుర్చీ ముందు బల్ల మీద కొత్త టేపులు, ఎరువుల ఫ్యాక్టరీవి. కూర్చుని మొదటి షాట్ చూశాను. గేటు దగ్గర మొదలెడదామన్నాడాయన. గేటు చూడటానికి ఎవరొస్తారు, బస్సు దిగే మనుషులతో మొదలెడదామన్నాను. మధ్యాహ్నం దాకా తేలలేదు.