తువ్వాలుకు జానెడు దూరంలో

కొబ్బరి దింపు దగ్గర గునపం పాతుకుని కాయలు ఒలుస్తుండగా కబురొచ్చింది. రాజోలు బడిలో పిల్లలకు బొమ్మలు నేర్పి రిటైరైన డ్రాయింగు టీచరుగారు, మా మేనత్త, తెల్లవారుజామున ప్రభువునందు నిద్రించింది. సగం ఒలిచిన కాయ అలాగే వదిలేసి లేచాను. ఈ మాటలు చదువుతున్న సహోదరులారా, సహోదరీలారా, ఆవిడ ఎక్కడికి వెళ్ళిందో నాకు తెలుసు, దాని గురించి దిగులు లేదు. నా దిగులంతా మా చర్చి గోడ గురించి.

ఆ గోడ సంగతి ముందు చెప్పాలి. రిటైరయ్యాక అత్త సంఘ పెద్దగారి దగ్గరికి వెళ్ళి, ప్రసంగ వేదిక వెనకున్న గోడ తనకిమ్మని అడిగింది. కొంగు నడుముకి చుట్టుకుని పరంజా ఎక్కి, ఒక వేసవి వేసవంతా దాని మీదే ఉంది. పక్కన రెండు స్టీలు గ్లాసులు ఉండేవి, ఒకదానిలో టీ, ఒకదానిలో టర్పెంటు. పని ధ్యాసలో ఏది ఏదో మర్చిపోయి, తాగబోయే ముందు ప్రతిసారీ వాసన చూసుకునేది. నిన్న వేసిన దాన్ని పొద్దున్నే కిందనుంచి చాలాసేపు చూసేది. ఒక్కోసారి మాకందరికీ ఎంతో బాగుందనిపించిన దాని మీద తెల్లరంగు పూసేసేది. అదేంటత్తా అంటే, "అందంగా ఉంది గానీ నిజంగా లేదురా" అనేది.

ఆవిడ గీసింది శిష్యుల దోనె తుఫానులో చిక్కుకున్న ఘట్టం. నీళ్ళు నీలంగా లేవు. వరద గోదారిలా ఎర్రగా ఉన్నాయి. వాటి మీద కొబ్బరి గెలలు, ఎవరిదో ఇంటి కప్పు కొట్టుకుపోతున్నాయి. ఒక ఆడమనిషి సత్తు గిన్నెతో దోనెలోని నీళ్ళు తోడి పోస్తోంది. పెద్దగారు వచ్చి చూసి, "టీచరుగారూ, గలిలయ సముద్రం ఎర్రగా ఉంటదాండీ?" అని అడిగేరు.

"నేను గలిలయ చూడలేదండి. వరద చూసేను."

అంతకంటే పెద్ద గొడవ ప్రభువు దగ్గర వచ్చింది. దోనె చివర ఆయన పడుకుని ఉన్నాడు. మనవాళ్ళు మధ్యాహ్నం చేలగట్టు మీద పడుకున్నట్టే, మొహం మీద తువ్వాలు కప్పుకుని.

"ప్రభువు మొహం ఏదండీ?"

"తువ్వాలు కింద ఉందండి" అంది అత్త, బ్రష్షు దించకుండానే.

అప్పటికి నేను సొంతంగా పరిశుద్ధ గ్రంథం చదువుకుని, ప్రార్థన కూటాల్లో నాలుగు మాటలు చెప్పడానికి లేస్తూ ఉండేవాణ్ణి. లేస్తే చేతులు వణికేవి. పుస్తకం జారిపోతుందేమో అన్నట్టు రెండు చేతులతో పట్టుకునేవాణ్ణి. ఒకరోజు అత్త నన్ను పరంజా దగ్గరికి పిలిచింది.

"ఏరా, ఆ కుడిచెయ్యి ఇలా చాపు."

"నా చెయ్యి ఏం బాగుంటదత్తా? గునపం తగిలి బొటనవేలి గోరు చీలిపోయింది."

"బాగుండే చెయ్యి నాకెందుకురా. వణుకుతంది కదా, అదే కావాలి."

నా చేతిని ప్రభువు తువ్వాలు వైపు చాపిన శిష్యుడి చెయ్యిగా గీసింది, చీలిన గోరుతో సహా. తువ్వాలుకి ఇంకా జానెడు దూరం ఉండగా ఆపేసింది. తాకించొచ్చు కదా అన్నాను.

"తాకితే ఆయన లేస్తాడు, తుఫాను ఆగిపోద్ది. భయపడతానే లేపడానికి ఒకడు చెయ్యి చాపేడు చూడు, నాకు వాడు కావాలి." మళ్ళీ బ్రష్షు ముంచుతూ అంది, "వణుకు తగ్గేకే మాట్లాడతానని కూర్చోకురా. ఈలోగా రంగు ఆరిపోద్ది."

ఆ దోనెలో వాళ్ళని అల్పవిశ్వాసులని ఎందరో ప్రసంగీకులు తిట్టగా విన్నాను. వాళ్ళు నోరు మూసుకుని మునిగిపోలేదు, కేకలేసి ఆయన్ని లేపేరు. ఇది నాకు ఏ బైబిలు పాఠశాలా చెప్పలేదు, ఆ గోడ చెప్పింది. అప్పట్నుంచీ వణుకుతూనే మాట్లాడుతున్నాను.

మొన్న అత్త జ్ఞాపకార్థ కూటం పెట్టేరు. పోయినవాళ్ళ పేరున చర్చికి ఏదో ఒకటి ఇచ్చి దాని మీద పేరు రాయించడం మా దగ్గర రివాజు. కుర్చీల వీపుల మీద పేర్లు, ఫ్యాను రెక్కల మీద పేర్లు. కరెంటు ఉంటే మా పెద్దవాళ్ళందరూ నెత్తిమీద తిరుగుతూ ఉంటారు. పెద్దగారు లేచి, అత్త ఒక్కగానొక్క కొడుకు, కాకినాడలో బ్యాంకు ఉద్యోగం చేసే మా బావ, తల్లి జ్ఞాపకార్థం వేదిక వెనక గోడంతా టైల్సు వేయిస్తున్నాడని, మధ్యలో లైట్ల సిలువ, కింద నల్లరాయి మీద బంగారు అక్షరాలతో ఆవిడ పేరు ఉంటాయని ప్రకటించేరు. హాలంతా ఆయ్, ఆయ్ అంది. ఎవరూ తలెత్తి ఆ గోడ వైపు చూడలేదు.

వాక్యం చెప్పడానికి నన్ను లేపేరు. తెరిచిన గ్రంథం తెరిచినట్టే పట్టుకుని అడిగేను, "బావా, అత్త పేరు రాయించడానికి అత్త గీసింది మూసేస్తామా?"

"అయ్యగారికి బొమ్మ మీద మనసు పోయిందండి" అన్నారు పెద్దగారు నన్ను చూపించి. "విగ్రహాలొద్దని అరిచేది తమరే కదా?"

"విగ్రహం నిలబెడితే మొదట సుత్తి పట్టేది నేనేనండి. కానీ గ్రంథంలో చూడండి, అరణ్యంలో తన గుడారం పనికి దేవుడు ఒక పనివాణ్ణి పేరు పెట్టి పిలిచేడు. తన ఆత్మతో నింపి చేతికి పని నేర్పిచ్చేడు. ఈ బొమ్మకి ఎవరు మొక్కుతారండీ? మొహమే లేదు కదా."

వెనక ఆడవాళ్ళలో ఎవరో నవ్వేరు. పెద్దగారు నవ్వలేదు. "వాక్యం చెప్పడానికి పిలిచేమండి, గోడకి కాపలా పెట్టలేదు" అన్నారు.

భోజనాలయ్యాక కుళాయి దగ్గర బావ నా పక్కకొచ్చాడు.

"నలుగుర్లో నన్ను చిన్నబుచ్చేవురా. గోడ చెమ్మ పట్టేసింది, ఒకసారి చెయ్యేసి చూడు. పెచ్చులు రాలిపోతన్నాయి. కొన్నాళ్ళకి ఆ దోనే రాలిపోద్ది. అప్పుడు మా అమ్మదంటూ ఏం మిగులుద్ది?"

అతని కళ్ళలో నీళ్ళున్నాయి. అతను చెప్పిందీ అబద్ధం కాదు. కుళాయి కట్టేసి, "రాలేది రాలనీ బావా. మనం మాత్రం మూయొద్దు" అన్నాను. అతను చేతులు తుడుచుకుని వెళ్ళిపోయాడు.

వచ్చే ఆదివారం వాక్యం వేరేవారికి ఇచ్చేరు. నా వంతు మళ్ళీ ఎప్పుడని అడిగితే, చూద్దామండి అన్నారు. ఆరాధన అయ్యాక టైల్సు సంగతి సంఘంలో తేలుస్తారు. వద్దనేవాళ్ళు చెయ్యెత్తమంటారు. నాతోపాటు ఇంకెవరెత్తుతారో తెలియదు. కొబ్బరి ఒలుపు పనికి నన్ను పిలిచేదీ ఈ సంఘంలోని ఇళ్ళవాళ్ళే, అది నాకూ తెలుసు, మా ఇంట్లోవాళ్ళకీ తెలుసు. నా భార్య ఆదివారానికి నా తెల్లచొక్కా ఉతికి ఆరేసింది.

నిన్న సాయంత్రం చర్చిలోకి వెళ్ళాను. టైల్సు పెట్టెలు అప్పటికే దించేశారు. గోడకి ఆనించి వరసగా పేర్చేసరికి ఎర్రనీళ్ళన్నీ వాటి వెనక్కి పోయాయి. పెట్టెల పైన దోనె ఒక్కటే కనిపిస్తోంది. సత్తుగిన్నె మనిషి ఇంకా నీళ్ళు తోడుతోంది. ప్రభువు మొహం మీద తువ్వాలు అలాగే ఉంది. చీలిన గోరుతో ఉన్న ఆ చెయ్యి, దానికి జానెడు దూరంలో, చాపే ఉంది.