గేటు మీద పేరు

ఒక్క మాట. ఇన్నేళ్లుగా అది నా గుండెల మీద బండలా ఉంది. నా భర్తకు కూడా చెప్పలేదు. మీకు చెబుతున్నాను, మీరు నన్నెరగరు కాబట్టి.

ఐర్లండ్‌లో, గాల్వే ఊళ్లో సాఫ్ట్‌వేర్ ఉద్యోగంలో చేరిన కొత్త. ఊళ్లోకి కంపెనీలు ఒకటే రావడం, గది దొరకడమే గగనం. నోరా ఆంటీ అనే ముసలావిడ తన ఇంట్లో మేడ మీద గది ఇచ్చింది. ఆవిడ ముత్తాత స్కాట్లాండ్‌లో పుట్టి, మద్రాసు ప్రభుత్వంలో లెక్కల గుమస్తాగా చేరి, ఖజానా చూసే పెద్ద అధికారి అయ్యాడట. చాలాకాలం మా గోదావరి వైపే ఉన్నాడట. అక్కడి జనం ఆయన్ని పిలిచిన పేరునే తర్వాత ఈ ఇంటికి పెట్టుకుని, గేటు మీద ఇంగ్లీషు అక్షరాల్లో చెక్కించారు. ఆవిడ ఆయన జీవితం రాస్తోంది, చర్చి వాళ్ల పారిష్ హాల్లో అందరి ముందూ చదవాలని. ఆ పేరుకు అర్థం మాత్రం ఇంట్లో ఎవరికీ తెలియదు.

పెద దొర. చూడగానే నాకు తెలిసింది. వీలు చూసి చెబుదామనే అనుకున్నాను.

ఈలోగా ఒకరోజు ఎండుచేపల పులుసు పెట్టాను. ఆవిడ ముక్కు మూసుకుని వంటింట్లోకి వచ్చింది. "లీజు అయ్యాక వేరే చోటు చూసుకో, పిల్లా. ఈ వాసన నా కర్టెన్లకు పట్టేసింది" అంది. గ్రాండ్ అన్నాను, సరేనన్నట్టు. ఇక్కడ అన్నిటికీ అదే అంటారు. లోపల ఒళ్లు మండిపోయింది.

మర్నాడు టీ పోస్తూ ఆవిడే అడిగింది.

"నీదీ ఆ వైపేగా. గేటు మీద పేరుకు అర్థమేమిటి? గొప్పదేనా?"

ఇంగ్లీషులో రాస్తే పెద అన్నా పేడ అన్నా ఒకటే.

"పేడ దొర, ఆంటీ" అన్నాను తాపీగా. "పేడంటే ఆవు పెంట. జనం అసహ్యించుకునేవాణ్ణే అలా పిలుస్తారు."

ఆవిడ ముఖం పాలిపోయింది. నాకెంత హాయిగా అనిపించిందో! అది దాచను.

వాళ్లు మనల్ని దోచుకున్నారు కదా, పన్నులు పిండారు కదా, ఈ మాత్రం తప్పేమిటని తర్వాత నాకు నేను ఎన్నోసార్లు సర్దిచెప్పుకున్నాను. అబద్ధం. ఆయన మంచివాడో చెడ్డవాడో నాకేం తెలుసు? ఆ క్షణంలో నాకు దేశమూ గుర్తులేదు, చరిత్రా గుర్తులేదు. ముక్కు మూసుకున్న ఆవిడ చెయ్యి ఒక్కటే గుర్తుంది.

ఆవిడ రాసిందంతా పొయ్యిలో వేసింది. మనిషిని పిలిపించి గేటు మీద పేరు చెరిపించింది. నేను కిటికీలోంచి చూస్తూ నిలబడ్డాను. పరుగెత్తి ఆపొచ్చు. ఎందుకు ఆపలేదు? సిగ్గా? కాదు. ఇంకా కసి తీరలేదు.

సాయంత్రం నా తలుపు తట్టింది. "మీ వాళ్లకు ఆయన ఏం చేశాడో నాకు తెలియదు. ఆయన బదులు నేను క్షమాపణ అడుగుతున్నాను. నీకిష్టమైనంత కాలం ఇక్కడే ఉండు" అంది.

నిజం చెబితే గది పోతుంది.

"పరవాలేదు, ఆంటీ" అన్నాను, మన్నించినట్టు.

ఆ తర్వాత కొన్నేళ్లు ఆ ఇంట్లోనే హాయిగా వండుకు తిన్నాను. ఆవిడ, తన వంశాన్ని తలుచుకుని సిగ్గుపడుతూనే పోయింది. ఇప్పుడు ఎవరిని క్షమించమనను? అడిగినా దక్కకూడదు. అబద్ధం చెప్పాను. చెప్పింది నేనే. ఇన్నాళ్లకు ఇది రాశాక ఊపిరి కాస్త ఆడుతోంది.