మైకు మీద కూర్చున్న ఆపా

మొన్న దవాఖానలో రక్తం తీసే ముందు నర్సమ్మ నా మోచేతి వంపును స్పిరిటు దూదితో రుద్దింది. రుద్దింది అని ఊరికే అనేస్తే ఆమె శ్రమను తక్కువ చేసినట్టు. అంత శ్రద్ధగా తోమితే మా ఇంటి ఇత్తడి బిందెలు ఎప్పుడో బంగారమైపోయేవి. ఆ తర్వాత ఆమె తీసిన రక్తంతో ఒక మోస్తరు కుంట నిండుతుందని నా అంచనా. అయినా నాకేమీ పట్టలేదు. స్పిరిటు వాసన ముక్కుకు తగిలిన క్షణం నుంచీ నేనసలు అక్కడ లేను. సిద్దిపేట పాత బస్టాండు దగ్గర ఖుర్షీద్ ఆపా దుకాణంలో ఉన్నాను. టేపురికార్డరు మూత తెరిచి, పుల్లకు చుట్టిన దూదిని స్పిరిటులో ముంచి, పసిపిల్ల చెవి తుడిచినట్టు దాని హెడ్డు తుడుస్తున్న ఆమె లావుపాటి వేళ్లను చూస్తున్నాను. "షుగరు ఉన్నదో లేదో గంటల చెప్తరు, బయట కూసోండి" అని నర్సమ్మ అంటే, "సరే ఆపా" అన్నాను. ఆపా అంటే అక్క. ఆ అమ్మాయికి నా కూతురి వయసు.

ఖుర్షీద్ ఆపా పెళ్లిళ్లకూ పండుగలకూ మైకుసెట్టు కిరాయికిచ్చేది, మిగతా రోజుల్లో కేసెట్లలో పాటలు నింపి ఇచ్చేది. నిజానికి ఆమెకు మైకుతో పనిలేదు. ఆమె దుకాణం గడపలో నిలబడి "అరే" అంటే హైదరాబాదు నుంచి వస్తున్న బస్సు అంత దూరాన కుకునూరుపల్లిలోనే బ్రేకు వేసేది. భర్త పోయాక దుకాణం మూసేయమని బంధువులు వచ్చి చెప్పారట. ఆమె వాళ్ల ముందు అన్నిటికంటే పెద్ద హారను పెట్టి, "గీ హారన్ల చెప్పుండ్రి, బజారుకు గూడ వినవడాలె" అన్నదట. వాళ్లు మళ్లీ రాలేదు.

ఆ దుకాణంలో ఒకే ఒక్క చట్టం ఉండేది. ఖాళీ టేపు ఇవ్వకూడదు. కేసెట్టు చివర గోరంత జాగా మిగిలినా అక్కడ ఇంకో పాట మొదలుపెట్టి, టేపు ఎక్కడ అయిపోతే అక్కడ కోసేది. "గిరాకికి ఖాళీ ఇచ్చుడంటే సగం గిన్నె అన్నం పెట్టినట్టు బేటా" అనేది. దాని ఫలితం ఊరంతా అనుభవించింది. మా బాపు రోజూ పొద్దున ఒక భక్తిపాటను "ఓ దేవా, నన్ను" దాకా పాడి ఆపేసేవాడు. ఆపా ఇచ్చిన కేసెట్టులో అది అక్కడే అయిపోయింది మరి. ఆ దేవుడు మా బాపును ఏం చేయాలో మా ఇంట్లో ఇప్పటికీ ఎవరికీ తెలియదు.

ఎనభైల చివర్లో, డిగ్రీ పరీక్షలు నన్ను మూడు దిక్కుల నుంచీ ఓడించిన రోజుల్లో, నా స్నేహితుడు శ్రీను సికింద్రాబాదు నుంచి ఒక విదేశీ కేసెట్టు తెచ్చాడు. గ్రీకు దేవుళ్ల పాత కథ అట. పది పాటలు లేవు అందులో. ఒకటే కథ, ఒకటే ఏరులాగా కేసెట్టు మొత్తం పారింది. గిటారు ఏడుస్తుంది, ఉన్నట్టుండి ఉరుముతుంది, తాళం మధ్యలో మనసు మార్చుకుంటుంది. దీన్ని ప్రోగ్రెసివ్ రాక్ అంటారని శ్రీను చెప్పాడు. మేమిద్దరం సాయంత్రానికే ప్రపంచ సంగీతాన్ని మార్చేయాలని తీర్మానించుకున్నాం. గ్రీకుల దగ్గర కథలుంటే మన దగ్గర లేవా? పాలసముద్రం చిలికిన కథను తీసుకున్నాం. పేరు 'కవ్వం కొండ'. మా దగ్గర అన్నీ ఉన్నాయి, వాయిద్యాలు తప్ప. శ్రీను వాళ్ల అన్న గిటారు అడిగి తెచ్చాడు. నేను డాల్డా డబ్బాలు పోగేశాను. రికార్డు చేసుకోవడానికి జాగా కావాలని ఆపా దగ్గరికి పోయాం.

"పాటెంత సేపు?" అని అడిగింది.

"కేసెట్టంత, ఆపా."

"పల్లవి?"

"ఒక్కసారే వస్తది. మల్ల రాదు."

ఆమె హెడ్డు తుడవడం ఆపి నన్ను పైనుంచి కిందికి చూసింది. "తిరిగి రాని పల్లవిని ఎతకవోయెటోళ్లు ఎవలు మల్లేశా? పోలీసులా?"

నవ్వింది గానీ తన ఇంట్లోని బొంతలన్నీ తెచ్చి దుకాణం గోడలకు వేలాడదీసింది, బజారు మోత లోపలికి రాకుండా. ఆ బొంతల మధ్య మేం కార్చిన చెమటతో ఇంకో పాలసముద్రం చిలకొచ్చు. దేవతలు అంటే శ్రీను గిటారు, రాక్షసులు అంటే నా డబ్బాలు. రాక్షసులదే పైచేయి అయింది. ఆపా ఒక మైకు పట్టుకుని మా ఇద్దరి మధ్య వాసుకి పాములా అటూ ఇటూ ఊగేది.

అందులో నా సొంత తెలివి ఒకటుంది. విషం పుట్టి లోకాలు కాలిపోతుంటే శివుడు దాన్ని నోట్లో పోసుకుంటాడు. అక్కడ మోత మొత్తం టక్కున ఆగిపోవాలి. ఏమీ వినబడకూడదు. వినేవాడికి అనుమానం రావాలి, భయం వేయాలి. ఆ తర్వాత గిటారు మీద ఒక్క స్వరం, సన్నగా, నీలంగా. అంటే లోకం బతికింది. నా జీవితంలో నాకు వచ్చిన గొప్ప ఆలోచన అదే. అందులో వాయించడానికి ఏమీ లేకపోవడం నాకు బాగా కలిసొచ్చింది.

ఈలోపు బాపుకు సంగతి తెలిసింది. ఆయన అరవలేదు. అరిస్తే బాగుండేది.

"గణేశుని మండపంల మధ్యాహ్నం పూట మైకు ఖాళీగుంటది. పటేల్‌తోని మాట్లాడిన. గాడ నీ పాట పెట్టు. జనం ఆఖరిదాక కూసోని విన్నరనుకో, నీ ఇష్టమున్న పని చేసుకో. నడుమ లేసిపోయిన్రా, తెల్లారి జగదేవ్‌పూర్ బస్సెక్కు. మామ ఎరువుల దుకాణంల కూసో."

మామ దుకాణాన్ని మీరు చూడలేదు. యూరియా బస్తాల మధ్య ఒక స్టూలు ఉంటుంది. దాని మీద కూర్చున్నవాళ్లెవరూ యవ్వనంలో లేచినట్టు చరిత్రలో లేదు.

మండపం రోజున కేసెట్టు తీసుకుందామని ఆపా దుకాణానికి పోయాను. శ్రీను అప్పటికే గిటారు తిరిగిచ్చేయడానికి సికింద్రాబాదు వెళ్లిపోయాడు. ఆపా గర్వంగా కేసెట్టు పెట్టి వినిపించింది. చిలికారు, విషం పుట్టింది, శివుడు నోరు తెరిచాడు. డబ్బాలు ఆగాయి. మరుక్షణం పెళ్లి ఊరేగింపు బ్యాండు మొదలైంది. క్లారినెట్టు, బాకాలు, డోళ్లు. శివుడు విషం మింగుతుంటే బారాత్ వచ్చేసింది.

నా కాళ్ల కింద సిద్దిపేట లేదు.

"నడుమ ఖాళీ ఉండె బేటా. మర్చిపోయిన్రేమో అని నేనే నింపిన" అన్నది ఆమె, మెచ్చుకుంటానని ఎదురుచూస్తూ.

"ఆపా, గా ఖాళీనే పాట" అన్నాను. ఎరువుల దుకాణం సంగతి, స్టూలు సంగతి చెప్పాను. ఆమె మొహంలో నవ్వు పోయింది. ఆ మొహంలో నవ్వు లేకపోవడం నేనదే మొదటిసారి చూడడం.

"తుడిచేద్దాం. మైకు వైరు గుంజేసి రికార్డు నొక్కితే బ్యాండు మొత్తం పోతది" అన్నది.

"బ్యాండు అయినకాడ ఆపకుంటే వెనకున్న గిటారు గూడ పోతది ఆపా. శ్రీను లేడు. మల్ల వాయించెటోడు లేడు."

అదీ చిక్కు. తుడుస్తున్నప్పుడు లోపల ఏముందో వినబడదు. ఎక్కడ ఆపాలో ఎట్లా తెలుస్తుంది? ఆపా కొంచెంసేపు ఆలోచించింది. చీర కొంగు నడుముకు దోపుకుంది. డబ్బాలు ఆగినచోటికి టేపు తిప్పి, మైకు వైరు గుంజేసి, రికార్డు మీట నొక్కి, వెంటనే నోటితో ఆ పెళ్లి బ్యాండు పాడడం మొదలుపెట్టింది. "పేఁ పెపెపేఁ" అని క్లారినెట్టు, చెంపలు ఉబ్బించి బాకాలు, బల్ల మీద అరచేత్తో డోలు. నింపింది ఆమే, కోసింది ఆమే. ఎక్కడ కోసిందో ఆమెకు గుర్తుంది. కళ్లు మూసుకుని, లోపల టేపు మీద చచ్చిపోతున్న బ్యాండుకు అడుగు తప్పకుండా పక్కనే నడుస్తున్నట్టు పాడింది. బయట పోతున్న రిక్షావాడు పెళ్లికొడుకు కోసం తొంగిచూశాడు. సగం చరణంలో టక్కున ఆగి మీట లేపింది. నాకు ఊపిరి లేదు. ఆమెకైతే మూడు బ్యాండ్లకు సరిపడా మిగిలి ఉంది.

వెనక్కి తిప్పి విందామనేలోపు కమిటీ పిల్లలు వచ్చి మైకుసెట్టు, మమ్మల్ని, కేసెట్టును కలిపి లాక్కుపోయారు.

మండపం నిండా జనం. సిద్దిపేట సగం అక్కడే ఉంది, మిగతా సగం చెప్పులు విప్పుతోంది. అన్నదానం అయింది కాబట్టి కడుపులు నిండి ఉన్నాయి. బాపు ముందు వరుసలో చేతులు కట్టుకుని కూర్చున్నాడు. ఆపా యాంప్లిఫయరు పక్కన బల్ల మీద కూర్చుంది. పాట మొదలైంది. డబ్బాల మోతకు ఇద్దరు పిల్లలు ఏడ్చారు, వినాయకుడి చెవి కదిలిందని నాకు అనిపించింది. కానీ ఎవరూ లేవలేదు. కథ తెలిసిందే కదా, ఎక్కడిదాకా వచ్చిందో చూద్దామన్నట్టు కూర్చున్నారు. విషం పుట్టింది. గిటారు మండింది. డబ్బాలు ఆగాయి.

బ్యాండు రాలేదు. ఏమీ రాలేదు.

మైకు మూగబోతే ఏదో ఒకటి అనాలి. అది మా ఊళ్లో మైకుసెట్టు మర్యాద. "హలో హలో" అనో, తప్పిపోయిన పిల్లాడి పేరో. లేకపోతే జనం లేస్తారు. కమిటీ పెద్ద పటేల్ అందుకే మైకు కోసం పరుగెత్తుకొచ్చాడు. ఆపా చెయ్యి కూడా, ఏళ్ల అలవాటు కొద్దీ, మైకు మీదికి పోయింది. నేను చూస్తూనే ఉన్నాను. ఆమె నా వైపు చూసింది. మైకు మీట కట్టేసి, దాన్ని బల్ల మీద పెట్టి, దాని మీద కూర్చుంది. ఖుర్షీద్ ఆపా కూర్చున్నచోటు నుంచి ఒక వస్తువును తీయడం మందర పర్వతాన్ని లేపడం కంటే కష్టం.

"ఆపా, మైకియ్యి. కరెంటు వోయిందని చెప్పాలె" అని పటేల్ గుసగుసలాడాడు.

"కరెంటున్నది. కూసో పటేల్."

"మరేమైంది?"

"దేవుడు పనిల ఉన్నడు. చుప్ కూసో."

నాలుగో వరుసలో ఎవరో కదిలారు. ఒకాయన తువ్వాల దులిపాడు. లేస్తున్నాడు. నా కళ్ల ముందు యూరియా బస్తాలు. ఆ నిశ్శబ్దంలో ఒక ముసలవ్వ గొంతు గట్టిగా వినిపించింది.

"మింగిండా?"

పక్కనున్న ఇంకో అవ్వ జవాబిచ్చింది. "ఇంకా గొంతులనే ఉన్నది. ఊకో."

తువ్వాల దులిపినాయన మెల్లగా కూర్చున్నాడు. ఆ తర్వాత మండపంలో ఒక్క చీర కొంగు కూడా కదల్లేదు. నేను బాపు వైపు చూశాను. ఆయన చెయ్యి, తనకే తెలియకుండా, తన గొంతు మీద ఉంది.

అప్పుడు వచ్చింది ఆ స్వరం. సన్నగా, నిండుగా, మొదలు కూడా తెగకుండా. ఆపా కోసినచోట వెంట్రుకంత తేడా లేదు. "మింగిండు" అన్నది అవ్వ. మండపమంతా ఒక్కసారి ఊపిరి వదిలింది. ఆ గాలికి దీపం ఆరలేదంటే అది వినాయకుడి మహిమే. కేసెట్టు తిప్పి, రెండో పక్క అమృతం పుట్టేదాకా ఎవరూ లేవలేదు. పిల్లలు కూడా ఏడుపు మర్చిపోయారు.

పాట అయ్యాక బాపు నా దగ్గరికి వచ్చాడు. "మామకు చెప్త, ఇంకోన్ని చూసుకొమ్మని" అని వెళ్లిపోయాడు. ఆపా అప్పుడు గానీ మైకు మీదినుంచి లేవలేదు. ఆ మైకు కొంచెం వంగింది. మళ్లీ ఎప్పటికీ నిటారు కాలేదు. ఆమె దాన్ని మార్చనూ లేదు. ఎవరైనా అడిగితే "మా మల్లేశం పాటల వంగింది" అనేది, ఆ పాటలో అదే ముఖ్యమైన వాయిద్యం అన్నట్టు.

ప్రపంచ సంగీతం మారలేదు. శ్రీనుకు బ్యాంకులో ఉద్యోగం వచ్చింది, డబ్బాలు ఎవరింట్లోనో పప్పులకు పోయాయి. నేను ఆపా దుకాణంలోనే చేరి, కిరాయికి పోయినచోటల్లా మైకులో కబుర్లు చెప్పి, చివరికి స్టేజీలెక్కి జనాన్ని నవ్వించి బతికేవాణ్ణయ్యాను. ఆపా పోయి చాలా ఏళ్లయింది. ఇప్పటికీ ఒక జోకు చెప్పాక, నవ్వు వచ్చేలోపు, ఒక ఖాళీ వస్తుంది. ఏదో ఒకటి అనేసి దాన్ని నింపాలని నా నాలుక కొట్టుకుంటుంది. అప్పుడు ఆమెను తలుచుకుని ఆ నాలుక మీద కూర్చుంటాను. నవ్వు వస్తుంది. ఎప్పుడూ కాదు గానీ, వస్తుంది.

మొన్న కూడా అంతే. డాక్టరు నా రిపోర్టు చేతిలోకి తీసుకుని కళ్లద్దాలు సర్దుకున్నాడు. కిందిదాకా చదివాడు. మళ్లీ పైకి వచ్చాడు. నా నోట్లో జోకులు బారాత్ కట్టి నిలబడ్డాయి, బాకాలతో సహా. ఒక్కదాన్నీ బయటికి పోనివ్వలేదు.

"ఏం లేదు మల్లేశంగారూ, బాగనే ఉన్నది" అన్నాడాయన.

చెయ్యి దించబోతే తెలిసింది, అది అప్పటిదాకా నా గొంతు మీదే ఉంది.